జోన్ హిక్సన్: మిస్ మార్పల్ కాకముందు దాదాపు 60 ఏళ్ళు ఏం చేశారు? ఏవి చూడాలి, ఎలా లెక్క వేయాలి?

చిన్న_వేషాలు:

బ్రిటిష్ క్యారెక్టర్ నటి జోన్ హిక్సన్ మీద తెలుగులో ఒక వ్యాసం రాస్తున్నాను. ఎక్కడ చూసినా బీబీసీ టీవీలో ఆవిడ వేసిన 'మిస్ మార్పల్' (అగాథా క్రిస్టీ నవలల్లో హత్యల గుట్టు విప్పే ముసలావిడ) గొడవే. ఆవిడ 1906 ఆగస్టులో నార్తాంప్టన్ పక్కన కింగ్స్‌థార్ప్‌లో పుట్టారు. మార్పల్ మొదటి కథ 1984 డిసెంబర్ 26న ప్రసారమైంది. అంటే అప్పటికి 78 ఏళ్ళు. అంతకుముందు అరవై ఏళ్ళకు దగ్గరపడ్డ నటజీవితాన్ని "అనేక చిత్రాలలో చిన్న పాత్రలు పోషించారు" అని ఒక్క ముక్కలో తేల్చేస్తున్నారు. ఆ ముక్క లోపల ఏముందో రాయాలని నా పట్టుదల.

అడిగేవి మూడు. చిన్న వేషాల్లో ఏవి చూడాలి, వాటిలో ఏం గమనించాలి? సినిమాల జాబితా తయారుచేసేటప్పుడు ఎక్కడ తప్పులు దొర్లుతాయి? మార్పల్ ఏ వరసలో చూడాలి? ఇంకోటి, Marple ని తెలుగులో మార్పుల్ అనాలా, మార్పల్ అనాలా?

రీలు_డబ్బా:

మార్పల్ అనే రాయండి. పలికేటప్పుడు 'మార్పుల్'కే దగ్గర, నిజమే. కానీ తెలుగు అచ్చులో "మిస్ మార్పుల్ కథలు" అని కనిపిస్తే, ఏవో మార్పులూ చేర్పులూ అనుకుని చదివేవాడు ఒక్క క్షణం తడబడతాడు.

సినిమాల సంగతి. ఈ వరసలో చూడండి.

'లవ్ ఫ్రమ్ ఎ స్ట్రేంజర్' (1937). ఆన్ హార్డింగ్, బాసిల్ రాత్‌బోన్ ప్రధాన పాత్రలు. హిక్సన్ పనిమనిషి ఎమ్మీ. దీనికి మూలం అగాథా క్రిస్టీ రాసిన కథ. మార్పల్‌కి 47 ఏళ్ళ ముందే ఈవిడ క్రిస్టీ గారింట్లో పనికి కుదిరిందన్నమాట.

'సెవెన్ డేస్ టు నూన్' (1950). బౌల్టింగ్ సోదరుల సినిమా, కథకి ఆస్కార్ వచ్చింది. అణుబాంబు పట్టుకుని లండన్‌లో దాక్కున్న శాస్త్రవేత్త ఒక గది అద్దెకు తీసుకుంటాడు. ఆ ఇంటి ఓనరమ్మ మిసెస్ పెకెట్, మన హిక్సన్. రాత్రంతా గదిలో అతను అటూ ఇటూ తిరుగుతున్న చప్పుడు వింటుంది. ఓనరమ్మల్ని చంపుతూ తిరిగేవాడు వీడేనేమో అని హడలిపోయి పోలీసుల దగ్గరికి పోతుంది. ఆమె అనుమానం పూర్తిగా తప్పు, కానీ పోలీసులకి దారి దొరికేది దానివల్లే. క్యారెక్టర్ నటికి స్క్రిప్టు అప్పగించే పని సాధారణంగా ఇలాంటిదే: కథని ఒక మెట్టు ఎక్కించి తప్పుకోవాలి. ఉన్న రెండు మూడు సీన్లలో ఆ మనిషి ఎవరో, ఎలా బతుకుతుందో, దేనికి భయపడుతుందో ప్రేక్షకుడికి తెలిసిపోవాలి. ఇక్కడ భయాన్ని ఆవిడ నవ్వులాటగా చెయ్యలేదు. నవ్వు మనకే వస్తుంది. ఆవిడ మాత్రం నిజంగానే భయపడింది. ఒక్కటే చూసే తీరిక ఉంటే ఇదే చూడండి.

తరవాత 'క్యారీ ఆన్' అనే బ్రిటిష్ కామెడీ వరస సినిమాలు. ఆవిడవి ఐదు: నర్స్ (1959), కానిస్టేబుల్ (1960), రిగార్డ్‌లెస్ (1961), లవింగ్ (1970), గర్ల్స్ (1973). మొదటిదాంట్లో ఆసుపత్రి సిస్టర్ (పెద్ద నర్సు), 'రిగార్డ్‌లెస్'లో మేట్రన్. అసలు చూడాల్సింది 'కానిస్టేబుల్'. అందులో మిసెస్ మే అనే తాగుబోతావిడ. ఎంత మత్తులో ఉన్నా పెద్దింటి ఆడమనిషి ఠీవి వదలదు. మిగతా నాలుగూ జాబితా కోసం చూడొచ్చు, అంతే.

'మర్డర్, షి సెడ్' (1961). మార్గరెట్ రూథర్‌ఫర్డ్ మిస్ మార్పల్, హిక్సన్ మిసెస్ కిడ్డర్, ఇంటి పనావిడ. దీని గురించి ఎవరైనా విడిగా చెప్తే బాగుంటుంది, పెద్ద కథ.

'థియేటర్ ఆఫ్ బ్లడ్' (1973). విన్సెంట్ ప్రైస్ చేతిలో నాటక విమర్శకులు ఒక్కొక్కరే చచ్చే సినిమా. ఆర్థర్ లోవ్ ఒక విమర్శకుడు, హిక్సన్ అతని భార్య మిసెస్ స్ప్రౌట్. మత్తుమందు దెబ్బకి ఆవిడ పడుకునే ఉంటుంది, పక్కనే మొగుడి తల కోసేస్తారు. చిన్న వేషం అంటే ఎంత చిన్నదో తెలియడానికి ఇది చాలు.

చివరికి 'క్లాక్‌వైజ్' (1986), జాన్ క్లీజ్ సినిమా. కారులో ముగ్గురు ముసలమ్మలు. వాళ్ళలో మిసెస్ ట్రెలిస్‌గా హిక్సన్ ఎవరు విన్నా వినకపోయినా మాట్లాడుతూనే ఉంటుంది. అదే రోజుల్లో టీవీలో మార్పల్‌గా నోరు మెదపకుండా వింటూ కూర్చునేది. రెండూ ఒకే వారంలో చూడండి.

ఒక మాట, వ్యాసంలో "ఇంగ్లీషువాళ్ళ సూర్యకాంతం" అని మాత్రం రాయకండి. సూర్యకాంతం గారు తెరమీదకి వస్తే ఆ సీను ఆవిడదే. ఎన్టీఆర్, ఏఎన్నార్ ఇద్దరూ ఉన్న 1962 సినిమాకి పేరు ఆవిడ వేసిన గుండమ్మదే. హిక్సన్‌కి టైటిల్ పాత్ర అంటూ తెరమీద దక్కింది మార్పలే.

నాటకాల_పిచ్చి:

సినిమాల వరకే చూస్తే ఆవిడ పనితనం ఎక్కడినుంచి వచ్చిందో అర్థం కాదు. లండన్‌లో నటన నేర్పే రాడా అకాడమీలో చదివారు. మొదటిసారి స్టేజీ ఎక్కింది 1927లో, ఊళ్ళు తిరిగే నాటకంతో. తరవాత ఆక్స్‌ఫర్డ్ ప్లేహౌస్ రిపర్టరీ.

రిపర్టరీ అంటే మనకి సురభి గుర్తొస్తుంది గానీ పద్ధతి వేరు. కంపెనీ ఒక ఊళ్ళోనే ఉంటుంది, నాటకం మారుతుంటుంది. వారానికో నాటకం ఆడే చోట సాయంత్రం ఈ వారం నాటకం ఆడుతూ పగలు పై వారంది రిహార్సల్ చెయ్యాలి. ఈ వారం డచెస్, పై వారం వంటమనిషి, ఆ పై వారం పిచ్చి మేనత్త. పాత్రని నెలల తరబడి తవ్వే తీరిక ఉండదు. నడక, గొంతు, టోపీ, ఈ మూడింట్లో రెండు దొరికితే మూడోది దానంతట అదే రావాలి. ఇందులో నష్టమూ ఉంది. చేతికి అలవాటైన నాలుగు మూసలు తయారవుతాయి, చాలామంది వాటిలోనే ఇరుక్కుపోతారు. ఈవిడ ఎందుకు ఇరుక్కోలేదో మీ వ్యాసం చెప్పాలి.

మూడు నాటకాలు వదలకండి.

ఒకటి, క్రిస్టీ సొంతంగా నాటకీకరించిన 'అపాయింట్‌మెంట్ విత్ డెత్', లండన్ పికడిల్లీ థియేటర్. హిక్సన్ వేషం మిస్ ప్రైస్. అది చూసిన క్రిస్టీ, ఎప్పటికైనా నా మార్పల్ మీరే వెయ్యాలి అన్న అర్థంతో చీటీ రాసి పంపారు. అప్పటికి హిక్సన్‌కి ఇంకా నలభై నిండలేదు. ఇది 1946లో అని చాలాచోట్ల రాశారు, కానీ నాటకం లండన్‌లో తెరలేచింది 1945 మార్చిలో. సంవత్సరం వేస్తే నాటకానిది వెయ్యండి.

రెండు, పీటర్ నికల్స్ 'ఎ డే ఇన్ ద డెత్ ఆఫ్ జో ఎగ్' (1967). తీవ్రమైన వైకల్యం ఉన్న పాప, ఆ బరువుని జోకులతో మోసే తల్లీ తండ్రీ. హిక్సన్ తండ్రి తాలూకు అమ్మ, గ్రేస్. నాటకం సగం దాటాక గానీ ఆ పాత్ర రాదు. అప్పటికే ప్రేక్షకులు నవ్వాలో ఏడవాలో తెలియని స్థితిలో ఉంటారు. అక్కడ అడుగుపెట్టి మామూలు అత్తగారిలా మామూలు మాటలు మాట్లాడాలి. ఆలన్ బేట్స్ నటించిన సినిమా (1972)లోనూ ఆ వేషం ఈవిడదే, కాబట్టి చూడటానికి వీలుంది.

మూడు, ఆలన్ ఎయిక్‌బోర్న్ 'బెడ్‌రూమ్ ఫార్స్'. నేషనల్ థియేటర్‌లో 1977, బ్రాడ్‌వేలో 1979. స్టేజీ మీద మూడు పడకగదులు పక్కపక్కనే ఉంటాయి, లైటు ఒకదాన్నుంచి ఇంకోదానికి మారుతుంది. హిక్సన్, మైకేల్ గఫ్ పెద్దవయసు జంట, డెలియా, ఎర్నెస్ట్. మంచం మీద కూర్చుని టోస్టు మీద పిల్‌చర్డ్ చేపలు వేసుకు తింటారు. అంతే, మహా రహస్యమేమీ లేదు. కానీ పక్క గదుల్లో కాపురాలు కూలుతుంటే ఇక్కడ చేప రొట్టె మీద నుంచి దుప్పటి మీద పడకుండా చూసుకోవడమే పెద్ద సమస్య అయినట్టు నటించాలి. దీనికే ఇద్దరికీ 1979 టోనీలు (బ్రాడ్‌వే నాటకాలకిచ్చే అవార్డులు) వచ్చాయి, రెండూ సహాయ పాత్రల విభాగంలోనే. అప్పుడు ఆవిడకి 72. మార్పల్‌తోనే పేరొచ్చింది అనే మాట ఇక్కడే వీగిపోతుంది.

పాత_బీబీసీ:

జాబితా తప్పుల గురించి అడిగారు కదా, నాకు ఇష్టమైన విషయం.

మొదటి తప్పు మొదటి సినిమా దగ్గరే. ఆవిడ తొలి సినిమా 'ట్రబుల్ ఇన్ స్టోర్' (1934). 1953లో ఇదే పేరుతో నార్మన్ విజ్డమ్ సినిమా ఒకటి ఉంది, చాలా పెద్ద హిట్. వెతికితే ముందు అదే తగులుతుంది. పైగా అందులో మార్గరెట్ రూథర్‌ఫర్డ్, జోన్ సిమ్స్ ఉన్నారు. "మార్పల్" అనీ "జోన్" అనీ చూడగానే సరిపోయిందనుకుని లింకు పెట్టేస్తారు.

రెండోది ఈ జోన్‌ల తికమక. హిక్సన్ చేసిన ఐదు 'క్యారీ ఆన్'లలోనూ జోన్ సిమ్స్ ఉన్నారు. 1985 మార్పల్ కథ 'ఎ మర్డర్ ఈజ్ అనౌన్స్‌డ్'లోనూ సిమ్స్ ఉన్నారు, మిస్ మర్గట్రాయిడ్‌గా. ఫోటో కింద పేరు రాసేముందు పాత్ర పేరు సరిచూసుకోండి. సిమ్స్ దాదాపు పాతికేళ్ళు చిన్న.

మూడు, సినిమాల మొత్తం. 80కి పైగా అని రాస్తుంటారు. అంకె వేసే ముందు సినిమాలు, టీవీ, టైటిల్స్‌లో పేరు పడని వేషాలు మూడు వేరు పట్టీలుగా రాసుకోండి. ఇవి కలగలిసిపోవడం వల్లే ఒక్కో చోట ఒక్కో అంకె.

టీవీ దగ్గర ఇంకో చిక్కు. ఐటీవీ ఛానల్ కామెడీ 'అవర్ మ్యాన్ ఎట్ సెయింట్ మార్క్స్' (1963–66)లో పాదరీ ఇంటి పని చూసుకునే మిసెస్ పీస్ ఆవిడే. మొదట లెస్లీ ఫిలిప్స్, తరవాత డోనల్డ్ సిండెన్ పాదరీలు. పాదరీ మారినా పనావిడ మారలేదు. కానీ ఆ రోజుల్లో వీడియో టేపు ఖరీదైన సరుకు. ప్రసారం కాగానే చెరిపేసి మళ్ళీ వాడుకునేవారు. అందుకే 60ల బ్రిటిష్ టీవీ నటీనటుల కెరీర్లో పెద్ద గండి కనిపిస్తుంది. వాళ్ళు పనిలేక కూర్చున్నారని కాదు. 'బ్యాచిలర్ ఫాదర్' (1970–71), 1981 బీబీసీ 'గ్రేట్ ఎక్స్‌పెక్టేషన్స్' (డికెన్స్ నవల)లో మిస్ హావిషామ్ వేషం జాబితాలో ఉండాలి. హావిషామ్ మార్పల్‌కి మూడేళ్ళ ముందు.

ఇక మార్పల్ వరస. 12 నవలలకి 12 టీవీ కథలు, 1984 నుంచి 1992 డిసెంబర్ దాకా. ప్రసారమైన వరసలోనే చూడొచ్చు, ఒక్కచోట తప్ప. 'నెమిసిస్' 1987లో వచ్చింది, 'ఎ కరీబియన్ మిస్టరీ' 1989లో. నవలల్లో వరస తలకిందులు: కరీబియన్ 1964, నెమిసిస్ 1971. కరీబియన్‌లో పరిచయమైన మిస్టర్ రఫీల్ చనిపోయి అప్పగించే పనే నెమిసిస్. టీవీ వరసలో చూస్తే చచ్చినవాడు రెండేళ్ళకి బార్బడోస్‌లో ఎండ కాచుకుంటూ కనిపిస్తాడు, పైగా వేరే నటుడి మొహంతో. అందుకని ముందు కరీబియన్, తరవాత నెమిసిస్.

మొదటి కథ 'ద బాడీ ఇన్ ద లైబ్రరీ' మూడు భాగాలు. కొన్ని రెండు భాగాలు, చివరివి ఒక్కటే సినిమాగా వచ్చాయి. డిస్కుల్లో భాగాలు అతికించి ఇచ్చినవీ ఉన్నాయి. ఎపిసోడ్ల లెక్క రాయకండి, కథల లెక్క రాయండి. మార్పల్ ఉండే సెయింట్ మేరీ మీడ్ ఊరుగా చూపించింది హాంప్‌షైర్‌లోని నెదర్ వాలప్. 1987లో హిక్సన్‌కి ఓబీఈ (బ్రిటిష్ ప్రభుత్వ బిరుదు) వచ్చింది. బాఫ్టా (బ్రిటిష్ సినిమా, టీవీ అవార్డు)కి రెండుసార్లు నామినేషన్ మాత్రమే, "బాఫ్టా విజేత" అని రాసేయకండి.

మార్పల్ వదిలేశాక 1993లో స్టీఫెన్ పోలియాకాఫ్ 'సెంచరీ'లో మళ్ళీ చిన్న వేషమే వేశారు. 1998 అక్టోబర్‌లో పోయారు.

చిన్న_వేషాలు:

ముగ్గురికీ చాలా చాలా థ్యాంక్స్. ఒక్క సందేహం. 'మర్డర్, షి సెడ్'కి మూలం '4.50 ఫ్రమ్ పాడింగ్టన్' నవలే కదా? దాన్నే 1987 క్రిస్మస్‌కి హిక్సన్ మార్పల్‌గా చేశారు. ఒకే నవల్లో రెండు పాత్రలు! ఈ రెండిటినీ ఎలా పోల్చాలి?

రీలు_డబ్బా:

అవును, 26 ఏళ్ళ తేడాతో. కానీ సీనుకి సీను పోల్చబోతే దెబ్బతింటారు. 1961 సినిమాలో కథ మార్చేశారు. నవల్లో రైల్లోంచి హత్య చూసేది మిసెస్ మెగ్గిలికడీ, ఆ ఇంట్లో పనికి చేరి శవాన్ని వెతికేది లూసీ ఐలెస్‌బారో అనే చురుకైన అమ్మాయి. సినిమాలో ఈ రెండు పనులూ మార్పల్‌కే కట్టబెట్టారు. అందువల్ల రూథర్‌ఫర్డ్ మార్పల్ పనిమనిషి వేషంలో ఆ ఇంటికి వెళ్తుంది, మిసెస్ కిడ్డర్‌తో కలిసి వంటింట్లో నిలబడుతుంది. అంటే ఒకే ఫ్రేములో అప్పటి మార్పల్, కాబోయే మార్పల్. కాఫీ తాగడానికి లేచి ఆ సీను మాత్రం పోగొట్టుకోకండి.

1987లో లూసీ మళ్ళీ వచ్చింది, కాబట్టి ఆ వంటింటి పని మార్పల్‌కి లేదు. పోల్చదలిస్తే ఇద్దరు మార్పల్‌లని పోల్చండి. రూథర్‌ఫర్డ్ పరుగులు పెట్టి, గోడలెక్కి ఆధారాలు పట్టుకొస్తుంది. హిక్సన్ కూర్చున్నచోటనే ఉంటుంది, ఎదుటివాళ్ళే వచ్చి చెప్పేస్తారు. ఎదుటివాడి మాట వినడం ఆవిడకి కొత్త కాదు, యాభై ఏళ్ళుగా పనావిడ వేషాల్లో చేసింది అదే.

పేర్లు జాగ్రత్త. నవల్లో కుటుంబం క్రాకెన్‌థార్ప్, సినిమాలో ఆకెన్‌థార్ప్. నవల్లో ఆ ఇంటి పేరు రూథర్‌ఫర్డ్ హాల్. నటి పేరు చూసి పెట్టారని ఎవరో ఒకరు కామెంటు పెడతారు. నవల 1957ది, ఆవిడ మార్పల్ వేసింది 1961లో. ఆ సినిమాకి అక్కడక్కడ 1962 అని ఉంటే అది అమెరికా విడుదల, మీరు 1961 వెయ్యండి.