మోకాలి చిప్ప రెండుసార్లు జారింది, అసలెందుకు జారుతుంది?

ప్రశ్న అడిగినవారు:
మా అమ్మాయికి పదిహేనేళ్లు. బాస్కెట్‌బాల్ ఆడుతూ ఒక్కసారిగా పక్కకి తిరగబోయి కూలబడిపోయింది. ఎవరూ తగల్లేదు, ఎవరూ నెట్టలేదు. మోకాలి చిప్ప లోపలి వైపుకి జారిపోయినట్టు కనిపించిందట. కాలు చాపేసరికి టక్కుమని దానంతట అదే చోటికొచ్చింది. సాయంత్రానికి మోకాలు బాగా వాచిపోయింది. ఎక్స్‌రే తీసి ఎముక విరగలేదన్నారు, బెల్ట్ వేసి విశ్రాంతి తీసుకోమన్నారు. తగ్గిందనుకున్నాం. మొన్న మెట్లు దిగుతూ వెనక్కి తిరిగిందో లేదో మళ్లీ జారింది. ఈసారి నొప్పీ వాపూ తక్కువే గానీ పిల్ల హడలిపోయింది. మోకాలు వంచాలంటేనే టెన్షన్ పడుతోంది. ఒకరు లిగమెంట్ తెగి ఉంటుందంటారు, ఒకరు కండరంలో బలం లేదంటారు, ఇంకొకరు పుట్టుకతోనే ఎముక అలా ఉంటుందంటారు. ఇందులో ఏది నిజమండీ? ఆపరేషన్ తప్పదా?

ఫిజియోథెరపిస్ట్:
అమ్మా, ఆ ముగ్గురు చెప్పిందీ నిజమే కావచ్చు, ఒకే మోకాలిలో మూడూ కలిసి ఉండవచ్చు కూడా. ఏది ఎంత ఉందో తేలితేగానీ ఆపరేషన్ సంగతి ఎవరూ చెప్పలేరు. నిదానంగా చెబుతాను.

ముందు ఒక మాట. చిప్ప లోపలికి జారిందన్నారు కదా, దాదాపు ప్రతిసారీ అది బయటి వైపుకే జారుతుంది. చిప్ప బయటికి తొలగిపోగానే తొడ ఎముక లోపలి కొస మీద కప్పు పోయి, అది చర్మం కింద బుడిపెలా పొడుచుకొస్తుంది. చూసినవాళ్లు దాన్నే చిప్ప అనుకుంటారు. డాక్టరుకి చెప్పేటప్పుడు ఇది గుర్తుంచుకోండి.

చిప్ప విడిగా తేలుతూ ఉండే ఎముక కాదు. తొడ ముందు భాగంలో ఉండే క్వాడ్రిసెప్స్ కండరం కిందికొచ్చేసరికి గట్టి నారలాంటి టెండన్‌గా మారుతుంది, చిప్ప ఆ టెండన్‌లోనే ఇమిడి ఉంటుంది. దాని కింది అంచు నుంచి ఇంకో టెండన్ బయలుదేరి కాలి ఎముక ముందు భాగంలో ఉన్న గడ్డకి అతుక్కుంటుంది (మోకాలి కింద వేలితో తడిమితే ఆ గడ్డ తెలుస్తుంది). నూతి గిలక తాడుని మళ్లించినట్టు, కండరం లాగే బలాన్ని చిప్ప మోకాలి మీదుగా మళ్లిస్తుంది. తొడ ఎముక కింది కొసన ముందువైపు ఒక గాడి ఉంటుంది. మోకాలు వంచినప్పుడు చిప్ప ఆ గాడిలో కిందికి దిగుతుంది, చాపినప్పుడు పైకి వస్తుంది.

మరి బయటికే ఎందుకు జారుతుంది? తొడ ఎముక తుంటి దగ్గర నుంచి మోకాలి వైపు లోపలికి ఏటవాలుగా దిగుతుంది. కింద కాలి ఎముక ఇంచుమించు నిటారుగా ఉంటుంది. ఆ వంపు వల్ల, కండరం లాగిన ప్రతిసారీ చిప్ప మీద కాస్త బయటి వైపు లాగుడు పడుతుంది. ఇది అందరిలోనూ ఉన్నదే. అందుకు తగ్గట్టే గాడికి బయటి వైపు గట్టు లోపలి గట్టు కన్నా ఎత్తుగా ఉంటుంది.

ఇక అసలు కిటుకు మొదటి ముప్పై డిగ్రీల వంపులో ఉంది. కాలు పూర్తిగా చాపి ఉన్నప్పుడు చిప్ప గాడికి పైన ఉంటుంది, ఇంకా లోపలికి దిగదు. సుమారు 20 నుంచి 30 డిగ్రీలు వంగాకే గాడిలో కుదురుకుంటుంది. ఈలోగా దాన్ని పట్టి ఉంచే బాధ్యత ఎక్కువగా ఒక పలచటి పట్టీది. చిప్ప లోపలి అంచు నుంచి తొడ ఎముక లోపలి వైపుకి పోయే ఆ లిగమెంట్‌ని ఎంపీఎఫ్ఎల్ అంటారు. చిప్ప బయటికి పోకుండా ఆపే బలంలో సగానికి పైగా దీనిదే. మీ అమ్మాయికి రెండుసార్లూ ఎలా జారిందో చూడండి: పాదం నేలకి ఆని ఉంది, మోకాలు కొద్దిగానే వంగి ఉంది, ఒళ్లు మాత్రం తిరిగింది. సరిగ్గా గాడి ఆసరా లేని చోటే జారింది. మొదటిసారి జారినప్పుడు చాలామందిలో ఈ పట్టీ చిరుగుతుంది. మానేటప్పుడు సాగిపోయి మానితే, రెండోసారి తక్కువ బలానికే జారుతుంది. నొప్పీ వాపూ తగ్గడానికి అదే కారణం కావచ్చు.

మామూలు గాడి, మామూలు కాళ్లు ఉన్న పిల్లలకి ఇంత తేలిగ్గా జారదు. అందుకే పట్టీ వెనక ఇంకేముందో వెతకాలి. 1994లో ఫ్రాన్స్‌లోని లియాన్‌కి చెందిన ఆన్రి డెజూర్ బృందం చిప్ప నిలకడ తప్పడానికి కారణాలను కొలతలతో సహా వివరించింది. సర్జన్లు ఇప్పటికీ ఆ కొలతలనే వాడుతున్నారు. అన్నిటికన్నా ముఖ్యమైనది గాడి ఆకారం. కొందరికి పుట్టుకతోనే గాడి లోతు తక్కువగా ఉంటుంది, కొందరికి పూర్తిగా చదునుగా ఉంటుంది, ఇంకొందరికి గాడి ఉండాల్సిన చోట ఉబ్బు ఉంటుంది. రెండోది చిప్ప ఎత్తు. చిప్ప మామూలు కంటే పైన ఉంటే గాడిలోకి ఆలస్యంగా దిగుతుంది, అంటే ఆసరా లేని వంపు ఇంకా పెరుగుతుంది. మూడోది, కింది టెండన్ అతుక్కునే గడ్డ గాడి కన్నా మరీ బయటికి ఉండటం. వీటికి తోడు తొడ ఎముక లోపలికి మెలితిరిగి ఉండటం, నిలబడితే మోకాళ్లు ఒకదానికొకటి తగలడం, ఒంట్లో కీళ్లన్నీ సాగే గుణం ఉండటం.

ఆ చివరిది ఇంట్లోనే చూడొచ్చు. బొటనవేలిని వంచితే ముంజేతికి తగులుతుందా? చిటికెనవేలు వెనక్కి 90 డిగ్రీలు దాటి వంగుతుందా? మోచేతులు, మోకాళ్లు నిటారు దాటి వెనక్కి పోతాయా? మోకాళ్లు వంచకుండా అరచేతులు నేలకి ఆనించగలదా? దీన్ని బైటన్ స్కోర్ అంటారు, మొత్తం 9 మార్కులు. ఎక్కువ మార్కులొస్తే డాక్టరుకి తప్పకుండా చెప్పండి. అయితే దెబ్బ తిన్న మోకాలిని మాత్రం వెనక్కి వంచి చూడకండి.

ఒక్క విషయంలో ఆలస్యం చేయకండి. మొదటిసారి కొన్ని గంటల్లోనే వాచిందన్నారు. అలా వాస్తే సాధారణంగా లోపల రక్తం చేరినట్టు. చిప్ప చోటికి తిరిగొచ్చేటప్పుడు తొడ ఎముక బయటి కొసకి కొట్టుకుని కార్టిలేజ్ (ఎముక కొసని కప్పి ఉండే నున్నటి పొర), కొద్దిగా ఎముక కలిసి చిన్న ముక్క ఊడే అవకాశం ఉంది. అది ఎక్స్‌రేలో కనపడకపోవచ్చు. మోకాలు మధ్యలో ఇరుక్కుపోతున్నా, పూర్తిగా చాపలేకపోతున్నా ఆ ముక్క అడ్డుపడుతోందేమో చూడాలి. ఎమ్‌ఆర్‌ఐ తీయిస్తే ముక్కతో పాటు పట్టీ సంగతీ, గాడి లోతూ తెలుస్తాయి. మోకాలి లోపల తొడ ఎముకనీ కాలి ఎముకనీ కలిపి పట్టి ఉంచే ముందు వైపు క్రూషియేట్ లిగమెంట్ తెగినా ఇలాగే, ఒళ్లు పక్కకి తిప్పినప్పుడు టక్కుమని, గంటల్లో మోకాలు వాస్తుంది. ఆ అనుమానం కూడా తీరిపోతుంది.

ఇంకో సభ్యుడు:
ఇంత చేయక్కర్లేదేమో. తొడ లోపలి వైపు కన్నీటి చుక్క ఆకారంలో ఉండే కండరాన్ని ఒక్కదాన్ని పెంచితే చిప్ప అదే లోపలికి లాగబడుతుందని విన్నాను.

ఫిజియోథెరపిస్ట్:
సర్, ఆ కండరం బలం కావాల్సిందే, కానీ దాన్ని ఒక్కదాన్నే విడిగా పెంచే వ్యాయామం లేదు. క్వాడ్రిసెప్స్ మొత్తం కలిసే పనిచేస్తుంది. నేనైతే అంతకన్నా తుంటి మీద ఎక్కువ దృష్టి పెడతాను. పాపని అద్దం ముందు తక్కువ ఎత్తు మెట్టు మీద నిలబెట్టి, మంచి కాలి మీద నెమ్మదిగా కిందికి దిగమనండి. మోకాలు బొటనవేలి వైపు లోపలికి పడిపోతుంటే తుంటి పక్క కండరాలు పట్టు ఇవ్వట్లేదన్నమాట. దెబ్బ తిన్న కాలితో ఇదే పరీక్ష మేం దగ్గరుండి చేయిస్తాం, ఇంట్లో వద్దు. ఇక గాడి చదునుగా ఉంటే వ్యాయామం దాన్ని లోతు చేయలేదు. అందుకే కొలతలు కావాలంటున్నాను.

మరో సభ్యురాలు:
నాకూ ఇదే సమస్య ఉండేది. భయం కొద్దీ బెల్ట్ తియ్యకుండా ఉంటే తొడ సన్నబడిపోయింది. చిప్ప పై అంచు నుంచి పది సెంటీమీటర్ల పైన టేపుతో రెండు తొడలూ కొలిచి చూడండి, తేడా తెలుస్తుంది. కండరం తిరిగొచ్చాక నాకు భయం సగం తగ్గింది.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ ధన్యవాదాలు. ఎమ్‌ఆర్‌ఐ తీయించాం. ఊడిన ముక్క ఏమీ లేదన్నారు, క్రూషియేట్ లిగమెంట్ బాగానే ఉందట. ఎంపీఎఫ్ఎల్ సాగిందని, గాడి లోతు కొంచెం తక్కువని రాశారు. కేటన్ డెషాంప్స్ 1.3, టీటీ టీజీ 16 మిల్లీమీటర్లు అని ఉంది. ఇవేంటండీ?

ఫిజియోథెరపిస్ట్:
ముక్క లేదన్నది అన్నిటికన్నా మంచి వార్త. ఉంటే ఇప్పుడే ఆపరేషన్ గురించి ఆలోచించాల్సి వచ్చేది. కేటన్ డెషాంప్స్ అంటే చిప్ప ఎత్తు కొలత. 1.2 దాటితే చిప్ప పైన ఉన్నట్టే, కాబట్టి మీ పాపకి కొంచెం పైన ఉంది. టీటీ టీజీ అంటే గాడి మధ్యకీ, టెండన్ అతుక్కునే గడ్డకీ అడ్డంగా ఉన్న దూరం. 20 దాటితే ఎక్కువ అంటారు. ఎమ్‌ఆర్‌ఐలో ఇది సీటీలో కన్నా కాస్త తక్కువగా వస్తుంది. అది లెక్కలోకి తీసుకున్నా 16 అంత భయపెట్టే అంకె కాదు. అంటే మీ పాప విషయంలో ప్రధానంగా సాగిన పట్టీ, దానికి తోడు కొద్దిగా పైకున్న చిప్ప, కొద్దిగా లోతు తక్కువైన గాడి.

రెండోసారి జారాక మళ్లీ జారే అవకాశం బాగా పెరుగుతుంది. కాబట్టి పట్టీని కొత్తగా వేసే ఆపరేషన్ గురించి సర్జన్ మాట్లాడితే కంగారు పడకండి, అది సబబైన ఆలోచనే. తొడ వెనక నుంచి ఒక టెండన్ తీసి ఆ చోట అమరుస్తారు. కానీ ముందు రెండు విషయాలు అడగండి. పాప ఎముకల్లో ఎదుగుదల పొరలు (ఎముక పొడవు పెరిగే చోట్లు) మూసుకున్నాయా? ఆ పట్టీ తొడ ఎముకకి అతుక్కునే చోటు ఎదుగుదల పొరకి మరీ దగ్గర, అక్కడ రంధ్రం చేయడంలో చాలా జాగ్రత్త కావాలి. కాలి ఎముక మీది గడ్డని కోసి జరిపే ఆపరేషనైతే ఎదుగుతున్న పిల్లలకి చేయరు. రెండోది, పట్టీ ఒక్కటి వేస్తే సరిపోతుందా, చిప్ప ఎత్తు కూడా సరిచేయాలా? ఈ రెండో ప్రశ్నకి అంకెలు చూపించి జవాబు చెప్పే డాక్టరుని నమ్మండి.

ప్రశ్న అడిగినవారు:
తప్పకుండా అడుగుతామండీ. ఈలోగా మళ్లీ జారితే అప్పటికప్పుడు ఏం చేయాలి?

ఫిజియోథెరపిస్ట్:
చిప్పని చేత్తో నెట్టకండి, లేపి నిలబెట్టకండి. పాపని వెనక్కి ఆనించి కూర్చోబెట్టి, తొడ కింద మడమ కింద చేతులు పెట్టి, తనంతట తను నెమ్మదిగా కాలు చాపనివ్వండి. చాలాసార్లు చాపేటప్పుడే చోటికొచ్చేస్తుంది. రాకపోతే, లేదా నొప్పి భరించలేకపోతే, ఉన్న వంపులోనే దిండుతో కదలకుండా ఆనించి ఆస్పత్రికి తీసుకెళ్లండి. వచ్చేసినా సరే గుడ్డలో చుట్టిన ఐసు పెట్టండి, మరునాటి లోగా చూపించండి, ముక్క ఊడిందేమో మళ్లీ చూడాలి. ఈ లోగా తొడ బిగించి పట్టుకునే వ్యాయామం, కాలు నిటారుగా పైకి ఎత్తడం రోజూ చేయించండి. అవి కాలు చాపి ఉంచి చేసేవి కాబట్టి పాప భయపడకుండా చేయగలుగుతుంది. గొంతుక్కూర్చోవడం, ఒంటికాలి మీద తిరగడం మాత్రం సర్జన్‌ని కలిసేదాకా వద్దు.