ఉగాది సభలో విజయనిర్మల గారి కార్యక్రమం: 'మీనా' పఠనం, పనుల పంపకం

తిరుపతి నుంచి, సాహిత్య విభాగం:

అందరికీ నమస్కారం. సెలవు మీద తిరుపతిలో అమ్మ దగ్గర ఉన్నాను కాబట్టి మనకు ఇచ్చిన 40 నిమిషాల గురించి ఇక్కడి నుంచే రాస్తున్నాను. 44 చిత్రాలకు దర్శకత్వం వహించి విజయనిర్మల గారు 2002లో గిన్నిస్ రికార్డు సాధించిన సంగతి వ్యాఖ్యాత ఒక్క వాక్యంలో చెబితే చాలు. లేకుంటే ఆ అంకెకు చప్పట్లు కొట్టి, ఆవిడ ఏం తీశారో తెలుసుకోకుండానే జనం భోజనాలకు లేచిపోతారు. 1957లో 'పాండురంగ మహాత్మ్యం'లో బాలకృష్ణుడిగా కనిపించిన అమ్మాయి, 1973లో మలయాళంలో తొలి చిత్రం తీసిన ఏడాదే యద్దనపూడి సులోచనారాణి గారి 'మీనా'ను తెలుగులో తీసి, మీనాగా తానే నటించారు. అప్పటికే ఇంటింటా చదివిన నవల కావడంతో, ప్రతి పాఠకురాలికీ తన మనసులో ఒక మీనా ఉండేది. సగం సమయం దీనికే ఇవ్వాలని నా మనవి.

అమ్మ దగ్గరున్న ప్రతికి చివరి రెండు పేజీలు పోతే, పక్కింటివారి పుస్తకం చూసి రూళ్ళ కాగితం మీద రాసుకుని మైదా జిగురుతో అంటించింది. దాని ఫొటో పంపుతున్నాను, తెర మీద చూపిద్దాం.

కార్యక్రమ సమన్వయం:

అక్కా, ఫొటో అందింది. చిత్రాల దృశ్యాలు ప్రదర్శించడానికి హక్కుదారుల అనుమతి ఇంకా రాలేదు కనుక పఠనమే మేలు. మన పిల్లలకు 2016 నాటి 'అ ఆ' తెలుసు. దానికి మూలం ఈ నవలేనని చెబితే చెవి ఒగ్గుతారు. 'శ్రీరామ నామాలు శతకోటి' పాట 'మీనా'లోదే కాబట్టి దాన్ని పిల్లల బృందానికి అప్పగిస్తున్నాను. ఆడని 'దేవదాసు'ను మాత్రం వదిలేద్దామా?

తిరుపతి నుంచి, సాహిత్య విభాగం:

వదలవద్దు తమ్ముడూ. 1953లో అక్కినేని, సావిత్రి నటించిన 'దేవదాసు' జనం గుండెల్లో ఉండగానే, 1974లో అదే శరత్ నవలను కృష్ణ గారితో మళ్ళీ తీసి, పార్వతిగా తానే నిలబడ్డారు. అది సాహసమో, మొండితనమో సభకే వదిలేద్దాం. నాకైతే మొండితనమే ఎక్కువనిపిస్తుంది, అందుకే నచ్చింది. దీనికి ఐదు నిమిషాలు చాలు. 'మీనా'లో, పట్నంలో తల్లి చెప్పుచేతల్లో పెరిగిన పిల్ల పల్లెలో బంధువుల ఇంటికి వెళ్ళే ఘట్టాన్ని ఇద్దరు చదవాలి. ఒకరు నేను, రెండోవారి పేరు ఆదివారంలోగా మీరు చెప్పండి. పుస్తకాన్ని చేతిసంచీలోనే తెస్తున్నాను, పెట్టెలో వేయడానికి అమ్మ ఒప్పుకోలేదు.