పాస్‌పోర్టు గడువు తీరబోతున్న కోనసీమ తమ్ముడికి: ఖర్చు కంటే ముందు చూడవలసిన తేదీ

ప్రశ్న

పెద్దలకు నమస్కారం. మాది రాజోలు దగ్గర పల్లెటూరు. మొన్న ఏప్రిల్‌లో హెచ్‌1బి ఉద్యోగ వీసా మీద డల్లాస్ వచ్చాను. నా పాస్‌పోర్టు గడువు వచ్చే ఏప్రిల్‌తో ముగుస్తుంది. సంక్రాంతికి మూడు వారాల సెలవు మీద ఇంటికి వెళ్తున్నాను. అప్పుడు అక్కడే కొత్త పాస్‌పోర్టు చేయించుకుంటే చవకగా తేలుతుందని నాన్నగారు అంటున్నారు. మా వైపు ఒక ఏజెంటు అన్నీ తానే చూసుకుంటానని పన్నెండు వేల రూపాయలు అడిగాడు. ఇక్కడే చేయించుకుంటే ఎంత అవుతుందో, ఏది మంచిదో తెలిసినవారు చెప్పగలరు.

జవాబు (ముమ్మిడివరం వైపు సభ్యుడు, హ్యూస్టన్)

తమ్ముడూ, మీరు అడిగింది ఖర్చు గురించి కాబట్టి ముందు ఆ సంగతి చెప్పి, మీరు అడగని సంగతి ఒకటి ఆ తరువాత చెబుతాను. నిజానికి రెండోదే ముఖ్యం.

మన దేశంలో పెద్దవారికి 36 పేజీల పాస్‌పోర్టుకు 1,500 రూపాయలు, 60 పేజీలదానికి 2,000 రూపాయలు రుసుము. తత్కాల్‌లో కావాలంటే దాని మీద మరో 2,000 రూపాయలు కట్టాలి. ఇంతకు మించి ప్రభుత్వానికి కట్టవలసింది ఏమీ లేదు. కనుక ఆ ఏజెంటు అడిగిన పన్నెండు వేలలో అధిక భాగం ఫారం నింపి, అపాయింట్‌మెంటు తీసిపెట్టినందుకే పోతుంది. ఆ పని మీరు అరగంటలో చేసుకోగలరు. అమెరికాలో 36 పేజీలదానికి 75 డాలర్లు, 60 పేజీలదానికి 100 డాలర్లు. వీటికి ప్రవాస భారతీయుల సంక్షేమ నిధి కింద 2 డాలర్లు, దరఖాస్తులు స్వీకరించే వీఎఫ్‌ఎస్ సంస్థ సేవా రుసుము, కొరియర్, ఫొటోల ఖర్చు కలుస్తాయి. తత్కాల్ అయితే మరో 150 డాలర్లు అదనం. మీకు ఎనిమిది నెలల వ్యవధి ఉంది కాబట్టి తత్కాల్ జోలికి వెళ్లవలసిన అవసరం లేదు. గడువు తీరడానికి ఏడాది ముందు నుంచే రీఇష్యూకు, అంటే పాతదాని బదులు కొత్తదానికి, దరఖాస్తు చేసుకోవచ్చు.

రూపాయల్లో లెక్క వేస్తే ఊళ్లో చేయించుకోవడమే చవక అనిపిస్తుంది. రాజోలు నుంచి చించినాడ వంతెన దాటి, పాలకొల్లు మీదుగా భీమవరం పాస్‌పోర్ట్ సేవా కేంద్రానికి వెళ్లి రావడం ఒక పూట పని. కానీ తరువాత పోలీసు విచారణ, ముద్రణ, స్పీడ్ పోస్టు అన్నీ మీ మూడు వారాల సెలవులోనే, అందులోనూ పండుగ రోజుల మధ్య, పూర్తి కావాలి. ఏ ఒక్కటి ఆలస్యమైనా మీ తిరుగు టిక్కెట్టు పోతుంది. అందువల్ల ఇక్కడే, ఈ నెలలోనే మొదలుపెట్టమని నా సలహా.

ఇప్పుడు మీరు అడగని సంగతి. మీరు విమానం దిగినప్పుడు ఇమిగ్రేషన్ అధికారి మీకు ఇచ్చిన ఐ-94 రికార్డును, అంటే మీ రాకను, ఉండే గడువును నమోదు చేసిన రికార్డును, ఒకసారి ప్రభుత్వ వెబ్‌సైటులో తెరిచి చూసుకోండి. మీ కంపెనీ తీసుకున్న హెచ్‌1బి అనుమతి మూడేళ్లకు ఉన్నా, పాస్‌పోర్టు గడువు అంతకంటే ముందే ముగుస్తుంటే ఐ-94లో సాధారణంగా పాస్‌పోర్టు ముగిసే తేదీనే వేస్తారు. ఈ దేశంలో ఎంతవరకు ఉండవచ్చో చెప్పేది ఆ తేదీయే గాని, పాస్‌పోర్టులో అంటించిన వీసా మీది తేదీ కాదు. ఇక్కడ కొత్త పాస్‌పోర్టు తీసుకున్నంత మాత్రాన ఆ ఐ-94 తేదీ దానంతట అది పెరగదు.

ఇది నా తలకు చుట్టుకున్న వ్యవహారం కాబట్టి ఇంత గట్టిగా చెబుతున్నాను. వచ్చిన తొలి ఏడాది డ్రైవింగ్ లైసెన్సు పొడిగించుకుందామని వెళ్తే, కౌంటర్ దగ్గర ఆవిడ నా కాగితాలు రెండుసార్లు తిరగేసి, కంప్యూటర్ తెరను నా వైపు తిప్పి, నా ఐ-94 తేదీ మీద వేలు పెట్టి చూపించారు. దానికి ఇంకా పదకొండు రోజులే ఉన్నాయి. నేను అప్పటిదాకా వీసా తేదీనే చూసుకుంటూ కూర్చున్నాను. తప్పు పూర్తిగా నాదే. కంపెనీ లాయరు హడావుడిగా పొడిగింపు దరఖాస్తు వేశారు గనుక గట్టెక్కాను.

మీకు ఆ అవస్థ లేదు, ఎందుకంటే మీ సంక్రాంతి ప్రయాణమే దీనికి మందు. ఇక్కడ కొత్త పాస్‌పోర్టు తీసుకుని, వీసా ఉన్న పాత పాస్‌పోర్టును కూడా వెంట పెట్టుకుని వెళ్లండి. పాత పాస్‌పోర్టును రద్దు చేసి మీకే తిరిగి ఇస్తారు. దానిలోని వీసా రద్దు కాదు, కనుక దానిని ఎక్కడా పారేయకండి. తిరిగి వచ్చేటప్పుడు రెండూ చూపించి, హెచ్‌1బి ఆమోద పత్రం కూడా చేతిలో ఉంచుకుంటే, కొత్త ఐ-94 మీ అనుమతి కాలానికి తగినట్టు వస్తుంది. వచ్చిన మర్నాడే వెబ్‌సైటులో సరిచూసుకోండి.

పద్ధతి కష్టమైనది కాదు. విదేశాలలోని దౌత్య కార్యాలయాల కోసం ఉన్న పాస్‌పోర్ట్ సేవా పోర్టల్‌లో ఖాతా తెరిచి, టెక్సాస్‌వారు హ్యూస్టన్ కాన్సులేట్‌ను ఎంచుకుని, ఫారం నింపి ముద్రించుకోవాలి. తరువాత వీఎఫ్‌ఎస్ సైటులో రుసుము కట్టి, వారి జాబితా ప్రకారం కాగితాలు పేర్చి పంపాలి. అసలు పాస్‌పోర్టు కూడా పంపాలి కాబట్టి అది చేతికి వచ్చేదాకా దేశం దాటలేరు. పంపేముందు ప్రతి పేజీకి రంగు నకలు తీసి పెట్టుకోండి.

ఫారంలో ఎక్కువమంది తడబడేది పేరు దగ్గర. మన సర్టిఫికెట్లలో ఇంటిపేరు ముందుంటుంది, ఒక్కోసారి పొడి అక్షరంగానే ఉంటుంది. పాస్‌పోర్టులో పొడి అక్షరాలు చెల్లవు, ఇంటిపేరును పూర్తిగా విడదీసి రాయాలి. మీ పాత పాస్‌పోర్టులో సర్‌నేమ్ గడి ఖాళీగా ఉంటే మీ పేరంతా వీసాలో సర్‌నేమ్ గడిలో పడి, అసలు పేరు ఉండవలసిన చోట ‘ఎఫ్ఎన్‌యూ’ (ఫస్ట్ నేమ్ అన్‌నోన్, అంటే పేరు తెలియదు) అని వచ్చి ఉంటుంది. దానిని ఇప్పుడు దిద్దాలనుకుంటే వీసా, సోషల్ సెక్యూరిటీ, కంపెనీ కాగితాలన్నీ దాని వెంట దిద్దవలసి వస్తుంది. కాబట్టి ముందు లాయరుతో మాట్లాడండి. పేరు సరిగానే ఉంటే ఒక్క అక్షరం కూడా కదపకండి.

జవాబు (అంబాజీపేట వైపు సభ్యురాలు)

అన్నయ్యగారు చెప్పినవాటికి తోడు రెండు మాటలు. 2022 ఏప్రిల్ 4 నుంచి మన కోనసీమ వేరే జిల్లా అయింది. మీ పాత పాస్‌పోర్టులో పుట్టిన చోటు తూర్పు గోదావరి అనీ, ఆధార్‌లో కోనసీమ అనీ ఉండవచ్చు. నేను పుట్టిన చోటును పాత పాస్‌పోర్టులో ఉన్నట్టే ఉంచి, స్వదేశంలోని చిరునామాకు మాత్రం కొత్త జిల్లా ఎంచుకున్నాను. ఎవరూ అభ్యంతరం చెప్పలేదు.

రెండోది, ఒక్కోసారి విచారణ కోసం పోలీసులు మన ఊరి ఇంటికే వెళ్తారు. మా ఇంటికి వచ్చిన కానిస్టేబుల్‌ను మా అత్తగారు అరుగు మీద కూర్చోబెట్టి, కొబ్బరిబొండం కొట్టించి ఇచ్చి, ఎంతో ఆపేక్షగా ‘మా కోడలు ఇక్కడే ఉంటోందండి, ఆయ్’ అని చెప్పారట. ఊళ్లో లేననడం అశుభమని ఆవిడ భయం. ఆ ఒక్క మాటను సరిదిద్దించడానికి నాకు నెల పట్టింది. మీరు కాగితాలు పంపిన రోజే అమ్మగారికి ఫోన్ చేసి, ఎవరైనా వచ్చి అడిగితే ‘అబ్బాయి అమెరికాలో ఉద్యోగం చేస్తున్నాడు’ అని ఉన్నది ఉన్నట్టు చెప్పమని, మీ ఇక్కడి చిరునామా రాసిన కాగితం ఒకటి ఇంట్లో పెట్టమని చెప్పండి.

ప్రశ్న అడిగిన సభ్యుడు

అన్నయ్యగారికి, అక్కయ్యగారికి కృతజ్ఞతలు. ఇప్పుడే ఐ-94 చూశాను. మీరు చెప్పినట్టే వచ్చే ఏప్రిల్ తేదీ ఉంది. నా సర్‌నేమ్ గడి ఖాళీగా లేదు. ఈ శనివారమే ఫారం నింపుతున్నాను. ఏజెంటుకు వద్దని చెప్పమని నాన్నగారికి రాశాను.