డోరిస్ డే 78 రికార్డు కంప్యూటర్లోకి ఎక్కిస్తే గొంతు కీచుమంటోంది, ఏ సెట్టింగ్ పెట్టాలి?

బ్యాండు గాయని డోరిస్ డే సినిమా తార ఎలా అయిందో మా మిత్రబృందానికి 20 నిమిషాల్లో చెప్పాలి. 1948లో తొలి సినిమా, 1956లో హిచ్‌కాక్ సినిమాలో పాడిన ‘కే సెరా సెరా’, ఇవి దొరకడం తేలికే. చిక్కంతా అంతకు ముందుదానితో: లెస్ బ్రౌన్ బ్యాండుతో 1944 నవంబరులో, సంగీతకారుల రికార్డింగ్ సమ్మె ముగిసిన కొద్ది రోజులకే పాడిన ‘సెంటిమెంటల్ జర్నీ’. నెట్‌లో దొరికిన రెండింటిలో ఒకటి 1960ల్లో ఆమె మళ్లీ పాడిన స్టీరియో. రెండోదాంట్లో గరగర తీసేయబోయి గొంతులో ఊపిరి కూడా తీసేశారు!

అందుకే అసలు కొలంబియా కంపెనీ 78 డిస్కే (నిమిషానికి 78 చుట్లు తిరిగే పాత రికార్డు) కొన్నాను. మొదట 0.7 మిల్ (మిల్ అంటే అంగుళంలో వెయ్యో వంతు) ఎల్పీ ముల్లుతో పెడితే అంతా చరచర. 3 మిల్ ముల్లు మార్చాక అది చాలా తగ్గింది. కానీ ట్రాంబోన్లు డబ్బాలో మోగినట్టున్నాయి, ఆమె ‘స’ పలికిన ప్రతిచోటా చెవిలో సూది గుచ్చినట్టుంది. డిస్కు రెండుసార్లు కడిగాను. వేగం స్ట్రోబ్‌తో చూశాను, సరిగ్గానే ఉంది. నా ప్రీయాంప్‌లో (ముల్లు నుంచి వచ్చే సన్నని సిగ్నల్‌ను పెంచే పెట్టె) ఆర్‌ఐఏఏ ఒక్కటే ఉంది, అంటే రికార్డు చేసేటప్పుడు మార్చిన బాస్, ట్రెబుల్‌ను వినేటప్పుడు తిరిగి సరిచేసే ప్రమాణం. అది 1954లో వచ్చిన పద్ధతి కాబట్టి తప్పు అక్కడే అని నా అనుమానం. ఆడాసిటీ అనే ఆడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో బాస్, ట్రెబుల్ అందాజాగా తగ్గిస్తే పాట చప్పబడిపోయింది.

1940ల నాటి అమెరికన్ కొలంబియా 78లకు టర్నోవర్ (ఏ ఫ్రీక్వెన్సీ కింద బాస్ పెంచాలో అది) ఎన్ని హెర్ట్జ్, 10 కిలోహెర్ట్జ్ దగ్గర రోలాఫ్ (ట్రెబుల్ ఎంత తగ్గించాలో అది) ఎన్ని డెసిబెల్స్ పెట్టాలి?