చెల్లెలి ఓటు జులైకా, అక్టోబరుకా? ఊళ్లోనా, హన్మకొండలోనా?

ప్రశ్న: ఏటూరునాగారం వాసి

నమస్కారం. మా చెల్లెలు హన్మకొండ హాస్టల్లో ఉండి డిగ్రీ చదువుతోంది. వరంగల్ ఆసుపత్రిలో పుట్టినందున కార్పొరేషన్ ఇచ్చిన జనన ధ్రువపత్రంలో జూన్ 28 అని సరిగ్గానే ఉంది. బడిలో చేర్పించిన రోజు మా తాత నోటిమాటగా చెప్పిన తేదీని సారు జులై 3గా రాసుకున్నారు. అదే పదో తరగతి మెమోలోకి, అక్కడి నుంచి ఆధార్‌లోకి ఎక్కింది. ఓటరు నమోదుకు జులై 1 అర్హత తేదీ, అంటే ఆ రోజుకు 18 ఏళ్లు నిండి ఉండాలి గనుక ఒక కాగితం ప్రకారం ఆమెకు ఇప్పుడే ఓటు వస్తుంది, ఇంకో కాగితం ప్రకారం రెండు రోజుల తేడాతో రాదు. ఏది జతచేయాలి? పైగా ఇల్లు ఊళ్లో ఉంది కాబట్టి ఓటు కూడా అక్కడే ఉండాలని నాన్న, చదువయ్యేదాకా ఉండేది హన్మకొండలోనే కదా అని చెల్లెలు వాదించుకుంటున్నారు. చట్టం తెలిసినవారు చెప్పగలరు.

జవాబు: హన్మకొండ న్యాయవాది

రాజ్యాంగం 326వ అధికరణంలో ఓటు వయసు మొదట 21 ఏళ్లని ఉండేది. 61వ సవరణతో 1989 మార్చి 28 నుంచి అది 18 అయింది. అయితే పోలింగ్ నాటికి 18 నిండితే సరిపోతుందని చాలామంది పొరబడతారు. 1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం ప్రకారం అర్హత తేదీ నాటికి నిండాలి. ఒకప్పుడు జనవరి 1 ఒక్కటే అర్హత తేదీ కావడంతో జనవరి 2న పుట్టినవారు దాదాపు ఏడాది ఆగవలసి వచ్చేది. 2021లో చేసిన సవరణ మరుసటి ఏడాది అమల్లోకి వచ్చాక జనవరి, ఏప్రిల్, జులై, అక్టోబరు నెలల ఒకటో తేదీలు నాలుగూ అర్హత తేదీలయ్యాయి. అయినా మా అబ్బాయికి 2024 ఏప్రిల్ 20న 18 నిండితే, మే 13న జరిగిన లోక్‌సభ పోలింగ్‌కు మాతో బూత్ దాకా వచ్చి బయటే నిలబడ్డాడు.

కొత్త ఓటరు దరఖాస్తు అయిన ఫారం 6కు వయసు రుజువుగా జనన ధ్రువపత్రమూ చెల్లుతుంది, పదో తరగతి మెమో కూడా చెల్లుతుంది. నిజమైన తేదీ ఉన్న కాగితమే పెట్టండి. 17 దాటినవారు ముందుగానే దరఖాస్తు చేసుకోవచ్చు కాబట్టి ఆలస్యం దేనికి?

జవాబు: విశ్రాంత ఉపాధ్యాయుడు

మీ ఊరి సారును తప్పుపట్టకండి, నేనూ అలా రాసినవాడినే. జూన్‌లో బడి తెరవగానే పిల్లవాడి కుడిచేతిని తల మీదుగా తిప్పి ఎడమ చెవి అందుతుందో లేదో చూసేవాళ్లం. ‘బతుకమ్మకు ముందా, వెనకా?’ అని తల్లిని అడిగి ఏదో ఒక తేదీ వేసేవాళ్లం. ఆ తేదీ ఇన్నేళ్లకు ఓటుకు అడ్డం వస్తుందని ఎవరనుకున్నారు?

తర్వాత కొన్నేళ్లు ఓటర్ల జాబితా పనులు చూసే బూత్ స్థాయి అధికారిగా (బీఎల్ఓ) పనిచేశాను గనుక న్యాయవాది గారితో కొంత విభేదిస్తాను. జనన ధ్రువపత్రం పెట్టడం తప్పు కాదు. కానీ ఆధార్‌లో వేరే తేదీ కనబడితే విచారణలో ప్రశ్న వస్తుంది. దగ్గర్లో పోలింగ్ లేనట్లయితే అదే ధ్రువపత్రంతో ముందు ఆధార్ సరిచేయించుకుని, అక్టోబరు 1 అర్హత తేదీకి నమోదు చేసుకోవడమే మేలు. పోలింగ్ దగ్గరపడితే మాత్రం ఆగవద్దు, ఎందుకంటే నామినేషన్ల చివరి తేదీ దాటాక ఆ ఎన్నిక కోసం జాబితాలో కొత్త పేరు చేర్చరు. అభ్యంతరాలకు వారం రోజులు పోతాయి కాబట్టి కనీసం పది రోజుల ముందే ఫారం ఇవ్వాలి.

జవాబు: హాస్టల్ విద్యార్థిని

చిరునామా సంగతి నేను చెబుతాను. సొంతిల్లు ఉన్నంత మాత్రాన అక్కడ ఓటు రాదు, ఇల్లు లేనంత మాత్రాన పోదు. చట్టం చూసేది సాధారణ నివాసాన్ని, అంటే మామూలుగా ఉండే చోటును. కనీసం ఏడాది కోర్సులో చేరి హాస్టల్లో ఉండేవారు కళాశాల నుంచి అక్కడ చదువుతున్నట్లు బోనఫైడ్ ధ్రువపత్రం తీసుకుని హాస్టల్ చిరునామాతో నమోదు కావచ్చు, తల్లిదండ్రుల చిరునామాతోనూ ఉండవచ్చు. రెండు చోట్లా ఉండటం మాత్రం కుదరదు.

నేను హన్మకొండలోనే పెట్టుకున్నాను. ఊరికి వెళ్లి ఓటు వేయాలంటే పోలింగ్ ముందురోజు బస్టాండులో నిలబడటానికి కూడా చోటుండదు. అయితే మీ ఊరు మహబూబాబాద్ లోక్‌సభ స్థానంలోకి, హన్మకొండ వరంగల్ స్థానంలోకి వస్తాయని గుర్తుంచుకోండి. పంచాయతీ ఓటర్ల జాబితాను శాసనసభ జాబితా నుంచే తయారుచేస్తారు కాబట్టి, ఓటు ఇక్కడ ఉంటే సర్పంచ్ ఎన్నికల్లో ఊళ్లో ఓటు ఉండదు. మా నాయనమ్మ ఇప్పటికీ ఆ ఒక్క విషయానికే నన్ను దెప్పుతుంది.

ప్రశ్న అడిగినవారు

అందరికీ కృతజ్ఞతలు. సర్పంచ్ ఓటు పోతుందన్న మాట వినగానే చెల్లెలే మనసు మార్చుకుని ఊరి చిరునామాకు ఒప్పుకుంది. నాన్న గెలిచానంటున్నారు. ఆధార్ సరిచేయించడానికి సోమవారం జనన ధ్రువపత్రంతో వెళ్తున్నాం, ఓటు అక్టోబరుకే.