39 శాతం ఓట్లకు ఎన్ని సీట్లు? శాసనసభ ఎన్నికల పద్ధతి మార్చాలా, వద్దా?

కృష్ణాతీరం:
ముందు మూడు అంకెలు చూడండి. 2019 ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఎన్నికల్లో తెలుగుదేశానికి 39.17 శాతం ఓట్లు పడ్డాయి, 175లో వచ్చినవి 23 సీట్లు. 2024లో వైఎస్సార్ కాంగ్రెస్‌కు 39.37 శాతం పడ్డాయి, వచ్చినవి 11 సీట్లు. ఈ రెంటి నడుమ 2023 తెలంగాణ ఎన్నికల్లో కాంగ్రెస్‌కు 39.40 శాతం వచ్చాయి. అక్కడ 119లో 64 సీట్లు దక్కి ఏకంగా ప్రభుత్వమే ఏర్పడింది.

ఓట్లు ఇంచుమించు ఒకటే. ఒకచోట అధికారం, ఒకచోట ప్రతిపక్ష హోదాకే ఎసరు. నేను ఏ పార్టీ తరఫునా రాయడం లేదు. పార్టీ ఏదైనా, పదిమందిలో నలుగురు వేసిన ఓటుకు సభలో గొంతు లేకపోవడం అన్యాయమని నా బాధ.

ఇంకొక సంగతి. మా నియోజకవర్గంలో ఒకసారి రిటైరైన ప్రధానోపాధ్యాయుడు ఒకాయన స్వతంత్రుడిగా నిలబడ్డారు. ఊరంతా ఆయన్ని మెచ్చుకున్నారు. మా నాన్న ఆయన దగ్గరే చదువుకున్నారు కూడా. పోలింగ్ రోజు పొద్దున మాత్రం, "మాస్టారికి వేస్తే ఓటు చీలి అవతలివాడు గెలుస్తాడురా" అంటూ వేరే గుర్తుకు వేసి వచ్చారు. అలా ఎంతమంది అనుకున్నారో, మాస్టారికి డిపాజిట్ కూడా దక్కలేదు.

పట్టభద్రుల ఎమ్మెల్సీ ఎన్నికల్లో ఉన్నట్టు 1, 2, 3 అని ప్రాధాన్యం రాసే పద్ధతి శాసనసభకూ పెడితే ఈ రెండు బాధలూ తీరతాయి కదా? మీరేమంటారు?

లెక్కల మాస్టారు:
కృష్ణాతీరం గారూ, మీరు చెప్పినవి రెండు వేర్వేరు జబ్బులు. ఒక్క మందుతో నయం కావు.

మీ నాన్నగారి ఇబ్బంది ఓట్ల చీలిక. దానికి ప్రాధాన్య ఓటు చక్కగా పనిచేస్తుంది. ఆయన మాస్టారికి 1, రెండో ఇష్టానికి 2 రాస్తారు. లెక్కింపులో ఎవరికీ సగానికి మించి రాకపోతే అందరికన్నా తక్కువ వచ్చిన అభ్యర్థిని తప్పించి, ఆయన ఓట్లను వాటిమీది 2 ఎవరికి ఉంటే వారికి కలుపుతారు. ఎవరైనా సగం దాటేదాకా ఇదే వరుస. మాస్టారు తప్పుకున్నా మీ నాన్నగారి ఓటు బతికే ఉంటుంది.

దీనికి మన దేశంలో అన్నిటికన్నా గొప్ప ఉదాహరణ 1969 రాష్ట్రపతి ఎన్నిక. బరిలో ప్రధానంగా నిలిచిన ముగ్గురిలో ఇద్దరు తెలుగువాళ్ళే. కాంగ్రెస్ అధికారిక అభ్యర్థి నీలం సంజీవరెడ్డి, స్వతంత్రుడిగా నిలిచిన వి.వి. గిరి, స్వతంత్ర పార్టీ, జనసంఘ్ బలపరచిన సి.డి. దేశ్‌ముఖ్. అంతరాత్మ ప్రబోధం మేరకు ఓటు వేయమని ఇందిరాగాంధీ పిలుపునిచ్చిన ఎన్నిక అది. మొదటి ప్రాధాన్యం ఓట్ల విలువ గిరికి 4,01,515. సంజీవరెడ్డికి 3,13,548. దేశ్‌ముఖ్‌కు 1,12,769. గెలవడానికి కావలసినది 4,18,169. గిరి ముందున్నా సగం దాటలేదు. మిగతావారిని తప్పించి వారి ఓట్లు పంచితే సంజీవరెడ్డికి తొంభై వేలకు పైగా కలిశాయి, గిరికి కలిసినవి పద్దెనిమిదిన్నర వేలే. అయినా గిరి 4,20,077తో గట్టెక్కారు, సంజీవరెడ్డి 4,05,427 దగ్గర ఆగిపోయారు. మొదటి లెక్కకు ఎనభై ఎనిమిది వేలున్న తేడా చివరికి పదిహేను వేలలోపుకు వచ్చింది.

ఇప్పుడు చిక్కు చూడండి. రాష్ట్రపతి ఎన్నిక దామాషా పద్ధతిలో, అంటే ఓట్ల శాతాన్ని బట్టి సీట్లు పంచే పద్ధతిలో, జరగాలని రాజ్యాంగం 55వ అధికరణం అంటుంది. ఉన్న కుర్చీ ఒక్కటే అయినప్పుడు దామాషాగా పంచడానికి ఏముంటుంది? ఆ పేరు వల్లే మనవాళ్ళు ప్రాధాన్య ఓటునూ దామాషానూ ఒకే గాటన కడుతున్నారు. ఒక నియోజకవర్గానికి ఒక్కరే ఎమ్మెల్యే ఉన్నంతకాలం మీరు 1, 2, 3 రాసినా, టిక్కు పెట్టినా ఆ 39 శాతం గతి పెద్దగా మారదు.

యారా తీరం:
మెల్‌బోర్న్ నుంచి రాస్తున్నాను. లెక్కల మాస్టారు చెప్పింది అక్షరాలా నిజం, ఇక్కడ కళ్ళారా చూస్తున్నాం.

మా ప్రతినిధుల సభకు ఒక స్థానానికి ఒక్కరే, ప్రాధాన్య ఓటు. నూరేళ్ళకు పైగా, అంటే 1918లో చట్టం వచ్చినప్పటి నుంచీ ఇదే పద్ధతి. ప్రతి పేరు ఎదుటా అంకె వేయాల్సిందే, ఒక్క గడి వదిలినా ఓటు చెల్లకుండా పోవచ్చు. అదే రోజు ఎగువ సభ అయిన సెనేట్‌కు ఇంకో పొడవాటి కాగితం ఇస్తారు. అక్కడ మామూలుగా ఒక్కో రాష్ట్రం నుంచి ఆరుగురిని కలిపి ఎన్నుకుంటాం.

2025 మేలో ఏం జరిగిందో చూడండి. లేబర్ పార్టీకి మొదటి ప్రాధాన్యం ఓట్లు 35 శాతం కూడా రాలేదు, సీట్లు మాత్రం 150లో 94. గ్రీన్స్‌కు సుమారు 12 శాతం వచ్చాయి, సీటు ఒక్కటే. అదే రోజు, అదే జనం, అదే పెన్సిలుతో సెనేట్‌కు వేసిన ఓట్లలో మాత్రం గ్రీన్స్ ఆరు రాష్ట్రాల్లోనూ ఒక్కొక్క సీటు గెలుచుకుంది. రెండు కాగితాల మీదా రాసింది అంకెలే, తేడా అంతా ఒక స్థానం నుంచి ఎంతమందిని ఎన్నుకున్నామన్నదే.

అయినా ప్రాధాన్య ఓటును నేను తక్కువ చేయను. నచ్చినవారికి భయం లేకుండా మొదటి ఓటు వేసి రావడంలో ఉన్న నెమ్మది ఇక్కడికి వచ్చాకే తెలిసింది.

పలక బలపం:
నేను ప్రభుత్వ పాఠశాలలో పనిచేస్తాను. పట్టభద్రుల స్థానం ఓట్ల లెక్కింపు విధులు చేశాను. అందుకే నాకు ఈ ఉత్సాహం మీద కొంచెం గుబులుంది.

2021 మార్చిలో తెలంగాణలో జరిగిన రెండు పట్టభద్రుల స్థానాలు గుర్తు తెచ్చుకోండి. హైదరాబాద్ స్థానంలో 93 మంది అభ్యర్థులు, నల్లగొండ స్థానంలో 71 మంది. బ్యాలెట్ పత్రం విప్పితే దినపత్రిక పరచినట్టే. లెక్కింపు మొదలై ముగిసేసరికి నాలుగు రోజులు పట్టింది. రెండు చోట్లా ఇరవై వేలకు పైగా ఓట్లు చెల్లలేదు. అవి వేసినవాళ్ళు డిగ్రీలు చదివినవాళ్ళు!

నేను కూర్చున్న టేబుల్ మీద చూసినవి చెబుతాను. అంకె వేయాల్సిన చోట టిక్కు. ఇద్దరి ఎదుట 1. అంకె వేశాక కింద చక్కగా సంతకం. ఊదా రంగు స్కెచ్ పెన్ను అక్కడే ఇస్తే, జేబులో ఉన్న సొంత పెన్నుతో రాసినవి. ఒక పత్రంలో 1 లేకుండా 2, 3 మాత్రమే ఉన్నాయి. పాపం, ఆ మనిషి మనసులో ఏముందో! ఒక్కో అనుమానపు ఓటు చుట్టూ ఏజెంట్లు మూగేవారు. పక్కన పెట్టిన ప్రతి కాగితం ఒక మనిషి వరుసలో నిలబడి వేసిందే. రాత్రి మూడింటికి వాటిని కట్ట కడుతుంటే చేతులు ఆడలేదు.

1949 జనవరిలో రాజ్యాంగ సభలో దామాషా ప్రతిపాదన వచ్చినప్పుడు అంబేద్కర్ వద్దన్నారు. జనానికి అక్షరాస్యత, కనీసం అంకెలు గుర్తుపట్టే శక్తి కావాలన్నది ఆయన చెప్పిన కారణాల్లో ఒకటి. ప్రభుత్వాలు నిలకడగా ఉండవన్నది రెండోది. మొదటి కారణం ఇప్పుడు తీరిపోయిందని తేలిగ్గా అనేస్తున్నారు. నా టేబుల్ మీద తీరలేదు.

కృష్ణాతీరం:
పలక బలపం గారూ, అది ఓటరు తప్పు కన్నా నేర్పనివారి తప్పు అనుకుంటాను. ఆరేళ్ళకోసారి వచ్చే ఎన్నిక, పైగా డెబ్బై తొంభై పేర్లు. అందులోనూ జనం తెలివిగా వాడుకోవడం చూశాం. 2023 మార్చిలో పశ్చిమ రాయలసీమ పట్టభద్రుల స్థానంలో మొదటి ప్రాధాన్యంలో వైఎస్సార్ కాంగ్రెస్ అభ్యర్థి ముందున్నారు. రెండో ప్రాధాన్యం ఓట్లు కలిశాక తెలుగుదేశం అభ్యర్థి గెలిచారు. ఓటర్లు 2 అన్న అంకెను ఆలోచించే రాశారు.

మాస్టారి మాట ఒప్పుకుంటున్నాను, నేను రెంటినీ కలిపేశాను. అయితే నేరుగా దామాషానే అడుగుదాం. పార్టీకి ఓటు వేద్దాం, ఓట్ల శాతం ప్రకారం జాబితా నుంచి సభ్యులను తీసుకుందాం.

నల్లమల గాలి:
ఇక్కడ మాత్రం నేను గట్టిగా అడ్డుపడతాను.

జాబితాలో ఎవరి పేరు ఎన్నో వరుసలో ఉండాలో ఎవరు నిర్ణయిస్తారు? పార్టీ అధ్యక్షుడు. ఇప్పుడు టికెట్ ఆయన చేతిలో ఉంది, రేపు గెలుపు కూడా ఆయన చేతిలోనే ఉంటుంది. జాబితాలో మొదటి పది పేర్లలో ఉన్నవాడు ఊరి మొహం చూడనక్కర లేదు. మా అటవీ గూడెంలో రోడ్డు తెగిపోతే ఎమ్మెల్యే ఇంటి ముందు కూర్చుని అడుగుతాం. జాబితా సభ్యుడి ఇల్లు ఎక్కడని వెతుక్కోవాలి?

నిలకడ మాట కూడా చూడండి. నేపాల్‌లో 2015 రాజ్యాంగం ప్రకారం 275 స్థానాల్లో 110 దామాషావి. ఆ రాజ్యాంగం వచ్చాక ఏ ప్రధానమంత్రీ అయిదేళ్ళు పూర్తిగా పదవిలో ఉండలేదు.

లెక్కల మాస్టారు:
నేపాల్‌లో మిగతా 165 మన పద్ధతిలోవే కదండీ. మనకైతే దామాషా లేకుండానే 1996, 1998, 1999లో వరుసగా మూడు లోక్‌సభ ఎన్నికలు వచ్చాయి. వాజపేయి ప్రభుత్వం ఒక్క ఓటుతో పడిపోయింది. అవతల జర్మనీ దశాబ్దాలుగా దామాషాతోనే నిలకడగా నడిచింది. 5 శాతం దాటని పార్టీకి సాధారణంగా జాబితా సీట్లు ఇవ్వకపోవడం అందుకు తోడ్పడింది.

జాబితా మీద మీ అభ్యంతరం మాత్రం నేనూ కొట్టిపారేయలేను. మా తోటి ఉపాధ్యాయులతో వాదించి ఓడిపోయింది అక్కడే. మధ్యేమార్గంగా ఉన్న సీట్లకు పాతిక శాతం కలిపి వాటిని జాబితా ద్వారా నింపాలని లా కమిషన్ 1999లో 170వ నివేదికలో లోక్‌సభకు సూచించింది. అదే కొలత ఆంధ్రప్రదేశ్‌కు వేసి చూశాను. 175కు 44 కలిపితే 219. 2019 ఓట్ల ప్రకారం ఆ 44ను పంచితే తెలుగుదేశానికి ఇంకో 18 వస్తాయి, మొత్తం 41. ఓట్లు 39 శాతం, సీట్లు 19 శాతం. గాయం లోతు, కట్టు చిన్నది. ఆ 44నూ ఓడినవారికే ఇచ్చినా, గెలిచిన పార్టీకి అప్పటికే 151 ఉన్నాయి.

ఇన్నాళ్ళూ కాగితం మీద గీసుకుంటున్న ఒక లెక్క మీ ముందు పెడతాను. మన రెండు రాష్ట్రాల్లోనూ ఒక్కో లోక్‌సభ స్థానంలో సరిగ్గా ఏడు శాసనసభ స్థానాలున్నాయి. 25ను 7తో గుణిస్తే 175, 17ను 7తో గుణిస్తే 119. ఒక లోక్‌సభ స్థానాన్ని ఏడుగురు ఎమ్మెల్యేల ఒకే నియోజకవర్గం చేసి, ప్రాధాన్య ఓటు పెట్టండి. జాబితా లేదు, అన్నీ పేర్లే, వరుస ఓటరే రాస్తాడు. ఏడు సీట్లకు కోటా అంటే చెల్లిన ఓట్లను 8తో భాగించి ఒకటి కలపడం, ఎనిమిదో వంతు కన్నా ఒక్క ఓటు ఎక్కువ. కోటా దాటిన అభ్యర్థి దగ్గర మిగిలిన ఓట్లు తర్వాతి ప్రాధాన్యానికి పోతాయి. 39 శాతం ఉన్న పార్టీ ఏడింటిలో మూడు గెలుస్తుంది.

ఇది కొత్త విద్య కూడా కాదు. రాజ్యసభకు మన ఎమ్మెల్యేలు చేసేది ఇదే. మూడు ఖాళీలుంటే "44 మంది ఎమ్మెల్యేల బలం కావాలి" అని పత్రికల్లో చదువుతుంటాం. అది 175ను 4తో భాగించి వచ్చిన కోటా. ఐర్లాండ్‌లో మామూలు జనమే తమ పార్లమెంటుకు ఇలా ఓటు వేస్తారు.

నల్లమల గాలి:
ఏడుగురిలో మా గూడెం మనిషికి చోటుంటుందా? ఎస్టీ, ఎస్సీ రిజర్వుడు స్థానాలు ఏమవుతాయి? దానికి సమాధానం దొరికేదాకా నా ఓటు పాత పద్ధతికే. ఏడు నియోజకవర్గాల మేర తిరిగి ప్రచారం చేయగలిగేది డబ్బున్నవాడే.

లెక్కల మాస్టారు:
ఇప్పుడు రిజర్వు అయిన స్థానాలు ఏ లోక్‌సభ పరిధిలో ఎన్ని ఉన్నాయో, ఆ ఏడుగురిలో అంతమంది ఆ వర్గాలవారే ఉండాలని నియమం పెట్టవచ్చు. ఖర్చు మాటకు మాత్రం నా దగ్గర సరైన జవాబు లేదు.

పలక బలపం:
మాస్టారి లెక్క చదివాక ఆగలేక మా తొమ్మిదో తరగతిలో లీడరు ఎన్నిక అలా పెట్టాను. 42 మంది పిల్లలు. అబ్బాయిలు 25, అమ్మాయిలు 17. నలుగురు పోటీ, ఇద్దరు అబ్బాయిలు, ఇద్దరు అమ్మాయిలు. నల్లబల్ల మీద పేర్లు రాసి, పలక సైజు కాగితాలిచ్చి 1 నుంచి 4 వరకు వేయమన్నాను. ముందే ఒకసారి బల్లమీద చేసి చూపించాను. 42లో చెల్లనిది ఒక్కటీ లేదు. నా గుబులు సగం అక్కడే తగ్గింది.

మొదట ఒక్క లీడరు అనుకుని లెక్కపెట్టాం. కోటా 22. అబ్బాయిలు అబ్బాయిలకే, అమ్మాయిలు అమ్మాయిలకే ముందు అంకెలు వేసుకున్నారు. చివరికి ఒక అబ్బాయి గెలిచాడు. వెనక బెంచీ నుంచి ఒక పిల్ల లేచి, "మేము పదిహేడు మందిమి ఉన్నాం కదా సార్, మాకెవరూ లేరే" అంది.

అవే కాగితాలు మళ్ళీ తీశాను, ఇద్దరు లీడర్లు అనుకుని. కోటా 42ను 3తో భాగించి ఒకటి కలిపితే 15. తక్కువ ఓట్లు వచ్చిన అమ్మాయి తప్పుకోగానే ఆమె కాగితాలు రెండో అమ్మాయి కట్టలోకి వెళ్ళాయి. 17 అయ్యాయి. ఒక అబ్బాయి, ఒక అమ్మాయి గెలిచారు. ఎవరూ ఒక్క అంకె కూడా మార్చలేదు.

ఇద్దరూ ఇప్పుడు వారం మార్చి వారం హాజరు పట్టీ తెస్తున్నారు. లక్షల కాగితాలను చేత్తో ఎలా లెక్కపెడతామన్న భయం నాకింకా ఉంది. మాస్టారూ, ఒక లోక్‌సభ స్థానానికి ఎన్ని టేబుళ్ళు, ఎన్ని రోజులు కావాలో లెక్క వేసి పెట్టండి, దాని మీద మాట్లాడదాం.