అరిస్టాటిల్ ‘ఊసియా’కు తెలుగు మాట: ‘పదార్థం’ వద్దు, ‘ఆస్తి’ దగ్గర మొదలుపెడదాం

పోయిన వారం మా అక్క కూతురు తన ఫిలాసఫీ నోట్సు తెచ్చి నా ముందు పెట్టింది. తెలుగు మీడియంలో సివిల్స్‌కి చదువుతోంది. “మావయ్యా, ఈ ఒక్క పేజీ నాలుగుసార్లు చదివాను, ముక్క ఎక్కడం లేదు” అంది. చూస్తే ఎక్కకపోవడంలో వింతేమీ లేదనిపించింది. పేజీ మొదట్లో “అరిస్టాటిల్ దృష్టిలో ప్రధానంగా ఉన్నది పదార్థమే” అని ఉంది. నాలుగు లైన్ల కింద “పదార్థానికి రూపం తోడైతే పదార్థం ఏర్పడుతుంది.” ఆ కిందే “పదార్థాలు పది, వాటిలో మొదటిది పదార్థం.” చివర “కేవల పదార్థం పదార్థం కాజాలదు.” ఆ చివరి లైను పక్కన పిల్ల పెన్సిల్‌తో మూడు ప్రశ్నార్థకాలు వేసుకుంది.

నోట్సు రాసినవాళ్లకు విషయం తెలుసు. ఆ నాలుగు వాక్యాల వెనకా ఉన్నది అరిస్టాటిల్ మాటే. చిక్కల్లా మూడు గ్రీకు మాటలకు ఒకే తెలుగు మాట పెట్టడంతో వచ్చింది. ఆయన ఊసియా (అసలు తనకంటూ ఉన్నది) అన్నా పదార్థమే, హూలే (వస్తువు దేనితో తయారైందో అది) అన్నా పదార్థమే, కటెగోరియా (ఉన్నవాటిని విడదీసే వర్గం) అన్నా పదార్థమే. విడివిడిగా చూస్తే దేనికదే సబబుగా ఉంటుంది. సైన్సు పుస్తకంలో ఘన, ద్రవ, వాయు రూపాల్లో ఉండేది పదార్థం కాబట్టి హూలేకి అది పెట్టారు. తర్కశాస్త్రంలో ద్రవ్యం, గుణం, కర్మ మొదలైనవాటిని పదార్థాలు అంటారు కాబట్టి కటెగోరియాకీ అదే. ఊసియాని ఇంగ్లీషువాళ్లు సబ్‌స్టెన్స్ అంటారు, కెమిస్ట్రీ సబ్‌స్టెన్స్ మనకు పదార్థమే, కాబట్టి అక్కడా అదే. మూడూ ఒకే పేజీ మీదికి వచ్చేసరికి పిల్ల బలైపోయింది.

నేను తనకి చెప్పింది ఇక్కడ కూడా పెడుతున్నాను. గుంపులో తర్కం, సంస్కృతం తెలిసినవాళ్లున్నారు, తప్పుంటే దిద్దండి. నా మాట ఒక్కటే: తెలుగువాడు ఊసియా దగ్గరికి పోవడానికి దారి ‘ఆస్తి’లో ఉంది.

గ్రీకులో ‘ఎయ్‌నాయ్’ అంటే ఉండటం. ‘ఉన్నటువంటిది’ అనే అర్థంలో దాని స్త్రీలింగ రూపం ‘ఊసా’. దానికి భావవాచక ప్రత్యయం చేరితే ఊసియా. అయితే ఈ మాట తత్వవేత్తల నోట పుట్టలేదు. ఏథెన్స్‌లో మామూలు జనానికి ఊసియా అంటే ఇల్లూ వాకిలీ, పొలమూ, సొమ్మూ. కోర్టుల్లో వారసత్వ తగాదాల్లో వినపడేది ఈ మాటే. అందులో కంటికి కనపడే ఊసియా, కనపడని ఊసియా అని రెండు రకాలు కూడా ఉండేవి. భూమి, ఇల్లు కనపడేవి. దాచిన డబ్బు, వడ్డీకి తిప్పుతున్న సొమ్ము కనపడనివి. మన స్థిరాస్తి, చరాస్తి లెక్కకు దగ్గరి చుట్టం.

ప్లేటో ‘రిపబ్లిక్’ తెరిస్తే ఈ మాట నడక కళ్లకు కడుతుంది. మొదటి భాగంలో సోక్రటీస్ పిరేయస్ రేవులో కెఫలోస్ అనే ముసలాయన ఇంటికి వెళ్తాడు. ఆయన బాగా కలిగినవాడు. కాసేపు ముసలితనం గురించి మాట్లాడుకున్నాక సోక్రటీస్ అడుగుతాడు: ఇంత ఊసియా ఉండటం వల్ల నీకు జరిగిన పెద్ద మేలు ఏమిటి? ఇక్కడ ఊసియా అంటే డబ్బే. ఆరో భాగానికి వచ్చేసరికి అదే సోక్రటీస్ ‘మంచి’ అనేది ఊసియాకి కూడా అవతల ఉంది అంటాడు. ఇక్కడ ఊసియా అంటే ఉనికి. ఒకే పుస్తకం, ఒకే మాట.

ఇది ఇంగ్లీషులో చదివేవాడికి ఆశ్చర్యం కావచ్చు, మనకు కాకూడదు. ‘ఆస్తి’ వెనక ఉన్నది సంస్కృతంలోని ‘అస్తి’, అంటే ‘ఉంది’. అస్తిత్వం, ఆస్తికుడు, నాస్తికుడు, ఆస్తి అన్నీ ఒక ఇంటివే. గ్రీకు ‘ఎస్తి’, సంస్కృత ‘అస్తి’ అయితే సొంత అక్కచెల్లెళ్లు. సంస్కృతం దాకా కూడా అక్కర్లేదు. అచ్చ తెలుగులో ‘కల’ అంటే ఉన్న. కలవాడు అంటే డబ్బున్నవాడు, కలిమి అంటే సంపద. రోజూ ‘ఉన్నవాళ్లు’, ‘లేనివాళ్లు’ అంటాం. ఏమున్నవాళ్లో చెప్పం. ఉన్నవాళ్లు అంటే చాలు, వినేవాళ్లకు మేడలూ పొలాలూ కనిపిస్తాయి. ‘కలిమిలేములు కావడికుండలు’ అనే సామెతలో కావడికి రెండు వైపులా వేలాడుతున్నవి మాట ప్రకారం చూస్తే ఉండటమూ, లేకపోవడమూ. ఆస్తి మాటను రోజూ వాడుతూ అందులోని ‘ఉంది’ని మనం ఎందుకు వినమో నాకు తెలిసిరాదు.

ఇక అరిస్టాటిల్. ఆయన పుస్తకం ‘మెటాఫిజిక్స్’లో ఏడో భాగం, గ్రీకు అక్షరం లెక్కన జీటా. మొదటి అధ్యాయంలోనే ఆయన అంటాడు: వెనకటి నుంచీ, ఇప్పుడూ, ఎప్పుడూ వెతుకుతున్న ప్రశ్న, ఎప్పుడూ చిక్కున పడేసే ప్రశ్న, ‘ఉన్నది ఏమిటి’ అనేది, నిజానికి ‘ఊసియా ఏమిటి’ అనే ప్రశ్నే. దీన్ని పిల్లకి ఆస్తి లెక్కలోనే చెప్పాను (పోలిక నాది, ఆయనది కాదు). ఒకాయనకి ఎంత ఉంది అని చూసేటప్పుడు చేతిలో కనపడేదంతా కూడి ఊరుకోం. అప్పు తెచ్చినది, ఇంకొకరి పేరు మీద నిలబడినది తీసేసి, ‘అసలు తనకంటూ ఉన్నదెంత’ అంటాం. ఆయన లోకం మొత్తాన్ని అలా అడుగుతున్నాడు. తెలుపు ఉంది. రెండు మూరల పొడుగు ఉంది. కూర్చోవడం ఉంది. ఉన్నాయి గానీ ఇవి ఇంకొకదాన్ని పట్టుకుని ఉన్నాయి. తెలుపు గుర్రాన్ని పట్టుకుని ఉంది, గుర్రం తెలుపును పట్టుకుని లేదు. ‘కేటగిరీస్’ అనే ఇంకో పుస్తకంలో మొదటి వరస ఊసియాకు ఆయన ఇచ్చిన ఉదాహరణలు ఇవే: ఫలానా మనిషి, ఫలానా గుర్రం.

మరి ఊసియాని పదార్థం అంటే కొంప మునిగేది ఎక్కడ? జీటా మూడో అధ్యాయంలో. అక్కడ కంచు విగ్రహం వస్తుంది. అన్నిటికీ అడుగున ఉండేదే ఊసియా అనుకుందాం, అయితే పైనున్నవన్నీ ఒలిచేద్దాం అంటాడు. గుణాలు తీసెయ్యి. పొడుగు, వెడల్పు, లోతు కూడా తీసెయ్యి. చివరికి ఏ పేరూ పెట్టడానికి వీల్లేనిదేదో మిగులుతుంది, అది హూలే. కానీ దాన్ని ‘ఇదిగో ఇది’ అని వేలు పెట్టి చూపించలేం, విడిగా నిలబెట్టలేం. ఊసియాకి కావాల్సినవి ఆ రెండే. కాబట్టి హూలేనే ఊసియా అనడం కుదరదు. ఇంత వాదన తెలుగులోకి వచ్చి ‘పదార్థం పదార్థం కాజాలదు’ అయింది! నాకు నిజంగా బాధేసింది.

నా ప్రతిపాదన: ఊసియాకు ద్రవ్యం. గుణాలకు ఆధారం ద్రవ్యమే అని తర్కం చదివినవాళ్లందరికీ తెలుసు, పైగా తెలుగులో ద్రవ్యం అంటే డబ్బు కూడా (ద్రవ్యోల్బణం గుర్తు చేసుకోండి). హూలేకి ముడిసరుకు, శాస్త్రం వాసన కావాలంటే ఉపాదానం. గ్రీకు వాడుకలో హూలే అంటే కలప, కాబట్టి ముడిసరుకు దానికి చిన్నతనమేమీ కాదు. పదార్థం అనే మాట కటెగోరియా ఒక్కదానికే ఉంచేద్దాం.

కామెంటు: బాగుంది నాయనా. అయితే ‘సత్త’ను ఎందుకు వదిలేశావు? ‘సత్’ అంటే ఉన్నది, దానికి ‘తా’ ప్రత్యయం. నువ్వు చెప్పిన ఊసా, ఊసియాలకు అచ్చుగుద్దినట్టు సరిపోతుంది కదా.

జవాబు: నమస్కారం మాస్టారూ. సరిపోవడమే కాదు, సత్‌కీ ఊసాకీ ధాతువు కూడా ఒకటే. నేనూ మొదట అక్కడే ఆగాను. కానీ మన తార్కికులు సత్తను సామాన్యాల్లో అన్నిటికన్నా పెద్దదిగా, పరసామాన్యంగా పెట్టారు. ద్రవ్యంలోనూ గుణంలోనూ కర్మలోనూ సమానంగా ఉండే జాతి అది. అరిస్టాటిల్ పట్టుబట్టి కాదన్నది సరిగ్గా దాన్నే. ‘ఉన్నది’ అనేది జాతి కాదు, ‘ఉన్నది’ని చాలా రకాలుగా అంటాం, అయితే అన్నీ ఒకదాని వైపే తిరిగి ఉంటాయి అంటాడు. ‘ఆరోగ్యకరం’ అనే మాటతో చూపిస్తాడు. ఆరోగ్యాన్ని కాపాడేదీ, తెచ్చిపెట్టేదీ, ఆరోగ్యానికి గుర్తైనదీ, అన్నీ ఆరోగ్యం పేరు మీదే ఆ మాట అనిపించుకుంటాయి. అలాగే తెలుపు ‘ఉంది’ అంటే ఊసియా చలవ వల్ల ఉంది. సత్త అని రాస్తే తర్కం చదివిన పాఠకుడు తిన్నగా ఎదుటి పక్షంలోకి వెళ్లిపోతాడు. ద్రవ్యంతోనూ పేచీ ఉంది, దాచను. అన్నంభట్టు మన ఆంధ్రుడే, ఆయన తర్కసంగ్రహంలో ద్రవ్యాలు తొమ్మిది, అందులో కాలమూ దిక్కూ ఉన్నాయి. అరిస్టాటిల్‌కి కాలం ఊసియా కాదు, పరిమాణాల్లో చేరుతుంది. ఆ తేడా ఒక్క వాక్యంలో చెప్పి ముందుకు పోవచ్చు, సత్త విషయంలో అలా పోలేం.

కామెంటు: అన్నా, ఇంత టెన్షన్ ఎందుకు, ఊసియా అనే రాసేస్తే పోలా? బస్సు, రైలు అంటున్నాం కదా.

జవాబు: తమ్ముడూ, మొదటిసారి వచ్చినప్పుడు ఊసియా అనే రాయాలి, ఒప్పుకుంటా. కానీ బస్సు కళ్లెదుట కనపడుతుంది, ఊసియా కనపడదు. మాటలోనే అర్థం పట్టుకోవాలి. లాటిన్‌వాళ్లకూ ఇదే తిప్పలు వచ్చింది. రోమన్ తత్వవేత్త సెనెకా తన 58వ లేఖలో లాటిన్‌లో మాటల కరువు గురించి వాపోతూ, ఊసియా కోసం ‘ఎస్సెన్షియా’ అనే మాట వాడుకోనివ్వమని అడుగుతాడు. అది ‘ఉండటం’ నుంచి చేసిన మాట. కానీ 6వ శతాబ్దం మొదట్లో బోయెథియస్ అనే రోమన్ పండితుడు ‘కేటగిరీస్’ని లాటిన్ చేసినప్పుడు ‘సబ్‌స్టాన్షియా’ వాడాడు. అంటే ‘కింద నిలబడేది’. ఆ అర్థం నిజానికి ‘హూపోకెయ్‌మెనోన్’ అనే వేరే గ్రీకు మాటది. ఆ లాటిన్ మాటే ఇంగ్లీషు సబ్‌స్టెన్స్ అయి, కెమిస్ట్రీలోకి దూరి, మన దగ్గర పదార్థంగా దిగింది. మా పిల్ల నోట్సులో చిక్కు అంత దూరం నుంచి నడిచొచ్చింది. ఇంకోటి, భాషా గుంపు కాబట్టి చెప్తున్నా: నేటి గ్రీకు వ్యాకరణంలో నామవాచకాన్ని ‘ఉసియాస్తికో’ అంటారు. బడిపిల్లలు రోజూ పలికే మాట అది.

కామెంటు: బాబూ, నేను వ్యాకరణం చెప్పేదాన్ని. పాణిని వ్యాకరణం మీద రాసిన మహాభాష్యంలో, మొదటి ప్రకరణమైన పస్పశాహ్నికంలో పతంజలి బంగారం సంగతి చెప్తాడు. ముద్దను చెరిపి రుచకాలు, వాటిని చెరిపి కటకాలు, మళ్లీ స్వస్తికాలు అనే నగలు చేస్తారు. ఆకారం మారుతుంటుంది, మిగిలేది ద్రవ్యం. అంటే ద్రవ్యం అంటే బంగారమే, నీ లెక్కలో ముడిసరుకే అవుతుంది కదా?

జవాబు: అమ్మా, మీరు పట్టుకున్నదే నాకు నిద్ర లేకుండా చేస్తోంది. పతంజలి దగ్గర ఆ వాదనలో నిలిచేది బంగారం. అరిస్టాటిల్ కంచు విగ్రహాన్ని చూసి వ్యతిరేక దిశలో నడుస్తాడు. జీటా చివరి అధ్యాయంలో ఆయన తెచ్చిన ఉదాహరణ మీకు నచ్చుతుంది, అది విగ్రహం కాదు, అక్షరం: ‘బ’. బ్, అ రెండూ పక్కపక్కన పెట్టినంత మాత్రాన బ కాదు. బ విడిపోతే బ్ ఉంటుంది, అ ఉంటుంది, బ ఉండదు. అంటే ఆ రెండూ కాక ఇంకేదో ఉండాలి. పోనీ ఆ ఇంకేదో మూడో అక్షరమా అంటే, మూడింటినీ కలపడానికి నాలుగోది కావాలి, దానికి అంతు లేదు. కాబట్టి అది ముక్కల్లో ఇంకో ముక్క కాదు. బ బగా ఉండటానికి కారణమేదో అదే బ ఊసియా అంటాడు. మాంసం కూడా ఇంతే, నిప్పూ మట్టీ కలిపితే మాంసం కాదంటాడు. ఈ వాదన తెలుగువాడికి చెప్పడం తేలిక. మనం బ్ రాసి పక్కన అ రాయం, బ అని ఒక్కటే రాస్తాం.

కానీ ఇక్కడే నా ద్రవ్యం చతికిలబడుతుంది. ‘గుర్రం ఒక ద్రవ్యం’ అంటే నడుస్తుంది. ‘బ యొక్క ద్రవ్యం’ అంటే బ దగ్గర ఎంత డబ్బుందో అడిగినట్టుంది. గ్రీకులో రెండు చోట్లా ఒకే మాట, ‘ఇది ఒక ఊసియా’, ‘దీని ఊసియా’. తెలుగులో రెండో దానికి ప్రస్తుతం ‘తత్వం’ అని పెట్టి పిల్లకి ఇచ్చాను, పక్కనే రెండూ ఒకే గ్రీకు మాట అని రాయించాను. ‘సారం’ అంటే పిండి తీసినట్టుంటుందని వద్దన్నాను. ఈ రెండు వాక్యాల్లోనూ ఇమిడే ఒక్క మాట మీ ఎవరి వాడుకలోనైనా ఉంటే ఇక్కడ రాయండి. ఆ పేజీ ఇంకా పెన్సిల్‌తోనే ఉంది.